తంతి పోయింది, తంతి చట్టం పొలంలో నిలిచింది

మన దేశంలో తంతి సర్వీసు 2013 జూలైలో ఆగిపోయింది. చావు కబురైనా, కొలువు కబురైనా ఊరంతటినీ ఉలిక్కిపడేటట్టు చేసిన ఆ కాగితం ఇక ఏ గుమ్మమూ తొక్కదు. ఆ తంతి కోసం తెల్లదొరలు 1885లో ఇండియన్ టెలిగ్రాఫ్ చట్టం చేసుకున్నారు. దానికి కాలం చెల్లిందని చెప్పి, దాన్ని రద్దు చేసే టెలికమ్యూనికేషన్ల చట్టాన్ని పార్లమెంటు 2023 డిసెంబరులో ఆమోదించింది. అయితే ఆ రద్దు చేసే సెక్షనులోనే ఒక మెలిక పెట్టారు. పాత చట్టం పోయినా, అందులోని మూడో భాగం మాత్రం కరెంటు లైన్లు వేసే పనికి వర్తిస్తూనే ఉంటుందని రాసుకున్నారు.

ఏముంది ఆ మూడో భాగంలో? ఎవరి పొలంలోనైనా, యజమాని ఒప్పుకోలుతో పని లేకుండా, స్తంభం పాతే అధికారం ఉంది. తీగ లాగే అధికారం ఉంది. అడ్డొచ్చిన చెట్టు నరికే అధికారం ఉంది. సన్నటి తంతి తీగ కోసం చేసిన చట్టాన్ని తాడిచెట్టును మించిన హైటెన్షన్ టవరుకు తొడిగారు. తెల్లదొర పోయినా ఆయన కుట్టించిన చొక్కా మన సర్కార్లకు సరిగ్గా సరిపోయింది.

లైను పడే పల్లెల్లో రెండు మాటలు వినబడుతుంటాయి. ‘సర్కారు లైను, మనం చేసేదేముంది’ అని ఒకరంటారు. ‘నా పట్టా భూమి, నేను వద్దంటే ఎవడొస్తాడో చూస్తా’ అని మరొకరంటారు. రెండూ పొరపాటే. చట్టం సర్కారుకు అధికారం ఇచ్చిన మాట నిజం. కానీ అదే చట్టం, అదే పదో సెక్షనులో, ఆ అధికారానికి రెండు ముకుతాళ్లు కూడా వేసింది. వీలైనంత తక్కువ నష్టం చేయాలన్నది ఒకటి. నష్టపోయిన ‘సంబంధీకులందరికీ’ పూర్తి పరిహారం చెల్లించాలన్నది రెండవది. ఈ రెండు తాళ్లనూ పట్టుకోవడం ఎట్లాగో రైతులకు, కౌలుదారులకు, వ్యవసాయ కార్మికులకు తెలియజెప్పడమే ఈ వ్యాసం ఉద్దేశం.

మన లైను, వాళ్ల లైను

ముందుగా లైన్లలో తేడా తెలుసుకోవాలి. మోటారుకు, ఇంటి దీపానికి కరెంటు తెచ్చే చిన్న లైన్లు ఒక రకం. వీటికి టెలిగ్రాఫ్ అధికారాలు ప్రత్యేకంగా ఇవ్వకపోతే కేంద్రం 2006లో చేసిన వర్క్స్ ఆఫ్ లైసెన్సీస్ రూల్స్ వర్తిస్తాయి. ఆ రూల్సు ప్రకారం భూమి యజమాని లేదా అనుభవదారు ముందస్తు ఒప్పుకోలు తీసుకోవాలి. వాళ్లు అభ్యంతరం చెబితే కలెక్టరు లేదా ప్రభుత్వం నియమించిన అధికారి రాతపూర్వకంగా అనుమతి ఇవ్వాలి. ఆ ఉత్తర్వులోనే పరిహారం గానీ, ఏటేటా అద్దె గానీ, రెండూ గానీ నిర్ణయించాలి. ఆ నిర్ణయం నచ్చకపోతే విద్యుత్ నియంత్రణ కమిషన్‌కు రివిజన్ పెట్టుకోవచ్చు.

రెండో రకం పెద్ద లైన్లు. 132, 220, 400, 765 కిలోవోల్టులవి. ఇవి మన పొలం మీదుగా పోతాయి గానీ మన మోటారు దగ్గర ఆగవు. థర్మల్ కేంద్రాల నుంచి, కర్నూలు, అనంతపురం ప్రాంతాల సోలార్ పార్కుల నుంచి మహానగరాలకూ, ఫ్యాక్టరీలకూ, పొరుగు రాష్ట్రాలకూ కరెంటు మోసుకుపోతాయి. 2003 విద్యుత్ చట్టం 164వ సెక్షను కింద ప్రభుత్వం ఒక ఉత్తర్వు ఇస్తే చాలు, టెలిగ్రాఫ్ అధికారులకు ఉన్న హక్కులన్నీ లైను వేసే సంస్థకు దఖలు పడతాయి. ఆ సంస్థ ప్రభుత్వానిదే కానక్కరలేదు. ఈనాడు పెద్ద లైన్లు ఎన్నో వేలం పాటలో ప్రైవేటు కంపెనీలు దక్కించుకుంటున్నాయి. లాభం కోసం లైను వేసే కంపెనీ చేతిలో సర్కారు గొడ్డలి ఉంటుందన్నమాట.

పవర్‌గ్రిడ్‌కు, సెంచరీ టెక్స్‌టైల్స్ కంపెనీకి నడిచిన వ్యాజ్యంలో సుప్రీంకోర్టు 2016 డిసెంబరులో తీర్పు చెప్పింది. 164 కింద ఉత్తర్వు ఉన్నప్పుడు యజమాని ఒప్పుకోలు అక్కర్లేదని తేల్చింది. అంత పెద్ద కంపెనీయే కోర్టుకెక్కి లైనును ఆపలేకపోయింది. కనుక ‘వద్దంటే ఆగుతుంది’ అనే భ్రమ మనం పెట్టుకోకూడదు. రైతు అడ్డుకుంటే పదహారో సెక్షను కింద కలెక్టరు, జిల్లా మేజిస్ట్రేటు హోదాలో, పని సాగనివ్వాలని ఉత్తర్వు ఇవ్వవచ్చు. ఆ తర్వాత కూడా అడ్డుపడితే క్రిమినల్ కేసు అవుతుంది. ఒకప్పుడు ఇండియన్ పీనల్ కోడ్ 188, 2024 జూలై నుంచి భారతీయ న్యాయ సంహిత 223.

మరి కలెక్టరు ఉత్తర్వు ఇచ్చి తీరాలా? చట్టం ‘తన విచక్షణ మేరకు’ అంటోంది. అంటే రెండు పక్షాల మాటా వినమని అడగడానికి, నష్టం తక్కువయ్యే దారి చూపించడానికి మనకు అక్కడ చోటుంది. ఒంటరి రైతు పోలీసు జీపు ముందు నిలబడేకన్నా, ఊరంతా అర్జీ పట్టుకుని కలెక్టరు ముందు నిలబడటం మేలు.

భూమి మీదే, వాడుక మాది

‘భూమి మీదే, మేం తీసుకోవటం లేదు, తీగలు మాత్రమే వేస్తున్నాం’ అని కాంట్రాక్టరు మనుషులు తియ్యగా చెబుతారు. చట్టం కూడా అదే అంటోంది. భూమి మీద వాడుక హక్కు తప్ప మరో హక్కు వారికి రాదు. పాసుపుస్తకంలో పేరు మారదు. ఈ మాటను అడ్డం పెట్టుకునే, ఇది భూసేకరణ కాదు గనుక 2013 భూసేకరణ చట్టం పరిహారం వర్తించదని అధికారులు చెబుతారు.

కానీ జరిగేదేమిటి? లైను కింద నిర్ణీత వెడల్పున ఒక పట్టీని గుర్తిస్తారు. 132 కిలోవోల్టులకు 27 మీటర్లు, 220కి 35 మీటర్లు, 400కి 46 మీటర్లు, 765 డబుల్ సర్క్యూట్ లైనుకు 67 మీటర్లు. ఆ పట్టీలో ఇల్లు కట్టకూడదు. కొబ్బరి, మామిడి, ఆయిల్‌పామ్ వంటి ఎదిగే చెట్లు ఉండకూడదు. వరి వేసుకో, వేరుశనగ వేసుకో, అంతే. బ్యాంకు అప్పుకు ఆ భూమిని చూసి మొహం చాటేస్తారు. అమ్మబోతే అడిగిందే ధర. పేరు రైతుది, పెత్తనం తీగది.

ఒక లెక్క చూద్దాం. మూడెకరాల రైతు పొలంలో 400 కిలోవోల్టుల లైను 200 మీటర్ల పొడవున పోయిందనుకుందాం. 200ను 46 పెట్టి గుణిస్తే 9,200 చదరపు మీటర్లు. అంటే దాదాపు 2 ఎకరాల 27 సెంట్లు. మూడెకరాల్లో మిగిలింది ముప్పాతిక ఎకరానికి కాస్త తక్కువే. ఒక్క టవరు కూడా పడకపోయినా ఇంత భూమికి కళ్లెం పడుతుంది. ‘టవరు నీ పొలంలో లేదుగదా, నీకేం రాదు’ అని పంపేసే చోట ఈ లెక్క ముందు పెట్టాలి.

పరిహారం కథ

చాలాకాలం పోయిన పైరుకూ, నరికిన చెట్టుకూ తప్ప భూమి విలువ తగ్గినందుకు పైసా ఇచ్చిన పాపాన పోలేదు. రైతుల ఆందోళనలు పెరిగిన తర్వాత కేంద్ర విద్యుత్ శాఖ 2015 అక్టోబరులో మార్గదర్శకాలు ఇచ్చింది. టవరు నాలుగు కాళ్ల మధ్య భూమికి విలువలో 85 శాతం, తీగల కింది పట్టీకి గరిష్ఠంగా 15 శాతం ఇవ్వవచ్చన్నారు. పంట, చెట్ల నష్టం దీనికి అదనం. 2024 జూన్‌లో వాటిని సవరించారు. టవరు స్థలానికి, నాలుగు వైపులా మరో మీటరు కలిపి, 200 శాతం. పట్టీకి 30 శాతం.

పైన చెప్పిన పొలంలోనే ఎకరం విలువ 10 లక్షలనుకుని, పదిహేను మీటర్ల చదరం టవరు ఒకటి పడిందనుకుంటే, 2015 లెక్కన టవరుకు 47 వేలు, పట్టీకి 3 లక్షల 40 వేలు. 2024 లెక్కన టవరుకు లక్షా 43 వేలు, పట్టీకి 6 లక్షల 80 వేలు. టవరు స్థలాన్ని పట్టీ నుంచి తీసేస్తే కొద్దిగా తగ్గుతుంది. మొత్తం మీద రెట్టింపు పైమాటే. కాబట్టి ‘మీ లైనుకు ఏ ఉత్తర్వు ప్రకారం లెక్క కట్టారు?’ అన్నది మొదటి ప్రశ్న కావాలి. ఈ మార్గదర్శకాలను అమలు చేయటం చాలావరకు రాష్ట్రాల నిర్ణయం మీద ఆధారపడి ఉంది గనుక, మన రాష్ట్రంలో ఆ లైనుకు వర్తించే జీవో నకలు చేతిలో పెట్టమని అడగాలి.

ఇక్కడ అసలు కిటుకు శాతంలో కాదు, భూమి విలువలో ఉంది. ఎకరం ధర బజారులో ఒకటి, రిజిస్ట్రేషన్ ఆఫీసు పుస్తకంలో ఒకటి. పుస్తకం ధర మీద 30 శాతం అంటే చేతికొచ్చేది చింతాకంత. అంతర్రాష్ట్ర లైన్ల విషయంలో మార్కెట్ ధర తేల్చే కమిటీలు వేయాలని 2025 మార్చిలో కేంద్రం అదనపు మార్గదర్శకాలు ఇచ్చింది. ఆ కమిటీలో భూయజమానుల ప్రతినిధికి చోటుంది. ఆ కుర్చీలో ఎవరు కూర్చుంటారు? మోతుబరో, కంపెనీకి మట్టి తోలే కాంట్రాక్టరో కూర్చుంటే మన ధర వాళ్లు చెబుతారు. సన్నకారు రైతుల మనిషి కూర్చోవాలని ఊరు ముందే తీర్మానించుకోవాలి.

మరో ముఖ్య విషయం. మార్గదర్శకాలన్నవి ప్రభుత్వ ఉత్తర్వులే. చట్టంలో ఉన్న మాట ‘పూర్తి పరిహారం’. ఇచ్చింది చాలదనుకుంటే పదహారో సెక్షను కింద జిల్లా జడ్జి కోర్టులో దరఖాస్తు పెట్టుకునే హక్కు ఉంది. లెక్క ఎట్లా కట్టాలో కేరళ విద్యుత్ బోర్డుకు సంబంధించిన లివీషా కేసులో సుప్రీంకోర్టు 2007లో చెప్పింది. భూమి ఎక్కడుంది, లైను ఎంత దూరం పోయింది, ఓరగా పోయిందా నట్టనడుమ పోయిందా, భూమి విలువెంత, ఆ భూమిని ఏ పనికి ఉద్దేశించారో ఆ పనికి ఇక పనికిరాకుండా పోయిందా అన్నవన్నీ చూడాలంది. అందరికీ ఒకే గాటన కట్టే సూత్రం చెల్లదన్నమాట.

అయితే గడువు మరచిపోకూడదు. కేరళ బోర్డుదే మరో కేసులో, ఇటువంటి దరఖాస్తుకు మూడేళ్ల కాలపరిమితి ఉంటుందని సుప్రీంకోర్టు 1976లోనే తేల్చింది. ‘ఇస్తామన్నారు, రేపు రమ్మన్నారు’ అని తిరుగుతూ మూడేళ్లు గడిపేస్తే హక్కు చేజారుతుంది. తీగ లాగేదాకా ఓడ మల్లన్న, లాగాక బోడి మల్లన్న అన్న సామెత మనవాళ్లు ఊరికే చెప్పలేదు.

‘సంబంధీకులందరూ’ అంటే ఎవరు?

చట్టం ‘పట్టాదారు’ అనలేదు. ‘సంబంధీకులందరికీ’ అంది. ఈ ఒక్క మాట మనకు బంగారం. ఎందుకంటే లైను కింద నష్టపోయేది పట్టాదారు ఒక్కడే కాదు.

కౌలుదారు సంగతి చూడండి. పైరు అతనిది, అప్పు అతనిది. చేను తొక్కినప్పుడు పోయేది అతని పెట్టుబడి. చెక్కు మాత్రం పట్నంలో ఉన్న ఆసామి పేరున వస్తుంది. 2011 చట్టం కింద రుణ అర్హత కార్డులైనా, ఆంధ్రప్రదేశ్‌లో 2019 చట్టం కింద పంట సాగుదారు హక్కు పత్రాలైనా అందరు కౌలుదార్లకూ అందలేదు. కార్డు లేనివాడు కౌలుదారే కాదని రెవెన్యూ వాళ్లు అంటే ఒప్పుకోకూడదు. చేలో ఎవరు దున్నారో ఊరికి తెలుసు. పంట నష్టం పంచనామాలో సాగుదారు పేరు రాయించాలి. వాటాల్లో తగాదా వస్తే ఆ సొమ్మును జిల్లా కోర్టులో జమ చేయవచ్చు. ఎవరికెంతో జడ్జి తేలుస్తారు. దీనికీ ఆ పదహారో సెక్షనులోనే దారి ఉంది.

అసైన్డ్ భూమి పేదల మాటేమిటి? ‘మీది డి-పట్టా, సర్కారు భూమి, మీకెందుకు పరిహారం’ అనే మాట దళితవాడల్లో చాలా వినిపిస్తుంది. భూసేకరణ విషయంలో అసైన్డ్ రైతుకు కూడా పట్టాదారుతో సమానంగా పరిహారం ఇవ్వాలని 2004లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు విస్తృత ధర్మాసనం మేకల పాండు కేసులో తీర్పు చెప్పింది. మొత్తం భూమి తీసుకున్నప్పుడే సమాన హక్కు ఉంటే, మెడ మీద తీగ వేసినప్పుడు ఎందుకుండదు? ఈ వాదన ప్రతి అర్జీలోనూ రాయాలి.

చెట్ల విషయంలో పద్దెనిమిదో సెక్షను మరింత స్పష్టంగా ఉంది. లైనుకు ముందునుంచే ఉన్న చెట్టును తర్వాత అడ్డమని తీసివేస్తే ‘ఆ చెట్టులో సంబంధం ఉన్నవారికి’ మేజిస్ట్రేటు పరిహారం నిర్ణయించాలి. తాడిచెట్టు ఆసామి గట్టున ఉండవచ్చు. దాని మీద బతికేది గీత కార్మికుడు. చెట్టు కూలితే అతని మోకు, ముస్తాదు మూలన పడతాయి. అతనికి ఆ చెట్టులో సంబంధం లేదని ఎవరనగలరు? గీత సంఘాలు ఈ ప్రశ్నను ముందుకు తేవాలి.

ఇక మన కూలీలు. ఇల్లు కట్టుకుందామని దాచుకున్న రెండు సెంట్ల స్థలం మీదుగా తీగ పోతే ఏమవుతుంది? ఎకరాల ఆసామికి 30 శాతం నష్టం కావచ్చు. కూలీకి ఆ స్థలం నూటికి నూరుపాళ్లూ పోయినట్టే. ఇల్లు కట్టలేని ఇంటి స్థలం దేనికి? లివీషా తీర్పులో చెప్పిన ‘ఉద్దేశించిన పనికి పనికిరాకపోవడం’ అంటే ఇదే. అట్లాంటి చోట మొత్తం విలువ గానీ, వేరేచోట స్థలం గానీ కావాలని పట్టుబట్టాలి.

తోటలు నరికితే కాయ కోతలు, మోతలు, గెలల పని పోతాయి. ఆ పనిదినాల లెక్క ఏ పంచనామాలోనూ ఉండదు. చట్టంలో దీనికి దారి లేదు. అయినా న్యాయంలో ఉంది. కూలి నష్టాన్ని కూడా పరిహారంలో చేర్చాలన్న డిమాండును వ్యవసాయ కార్మికులు, రైతులు కలిసి పెట్టాలి. రైతు తన చెక్కు తాను తీసుకుని తలుపేసుకుంటే రేపు అతని తగాదాకు నిలబడే మనిషి దొరకడు.

వంపు ఎందుకు తిరిగింది?

‘పెద్దాయన తోట దగ్గరకొచ్చేసరికి లైను పక్కకు తిరిగింది’ అన్న ఫిర్యాదు పల్లెల్లో మామూలే. ఉత్త అనుమానమని కొట్టేయడానికి వీల్లేదు. లైను తిన్నగా పోతే ఖర్చు తక్కువ. వంపు తిరిగిన చోట ఆ లాగుడును తట్టుకునే బరువైన టవరు కావాలి, ఇనుము ఎక్కువ పడుతుంది. కారణం లేకుండా ఏ ఇంజనీరూ వంపు పెట్టడు. ఊరు, చెరువు, గుడి, రోడ్డు అడ్డొచ్చి ఉండవచ్చు. లేదంటే పలుకుబడి అడ్డొచ్చి ఉండవచ్చు. ఏదో తేలాలంటే సర్వే పటం చూడాలి. 2005 సమాచార హక్కు చట్టం కింద రూటు మ్యాపు, 164 ఉత్తర్వు, పరిహారం జాబితా అడగాలి.

పంచాయతీ ఆధీనంలోని స్థలాల మీదుగా పోవాలంటే ఆ స్థానిక సంస్థ అనుమతి కావాలని పదో సెక్షనే చెబుతోంది. గ్రామసభలో చర్చించకుండా సర్పంచి సంతకం పెట్టకుండా చూడాలి.

పోరాడిన చోట ఫలితం లేకపోలేదు. ఛత్తీస్‌గఢ్‌లోని రాయగఢ్ నుంచి తమిళనాడులోని పుగలూరుకు వేసిన 800 కిలోవోల్టుల లైను మీద 2018 డిసెంబరులో తమిళనాడు పశ్చిమ జిల్లాల రైతులు దీక్షలకు కూర్చున్నారు. భూగర్భ కేబుల్ వేయమన్నారు. అది కుదరదన్నారు. కానీ అదే పుగలూరు నుంచి కేరళలోని త్రిస్సూరుకు పోయి, 2021 ఫిబ్రవరిలో ప్రారంభమైన లైనులో కేరళ వైపు కొంత భాగం భూగర్భ కేబులే. భూమి దొరకని చోట, జనం ఒప్పుకోని చోట ఇంకో దారి దొరికింది. ఖర్చు ఎక్కువే, కాదనం. కానీ ఆ ఖర్చు తప్పించుకోవడానికి ఇన్నాళ్లూ భారం మోసింది రైతు వీపేనని ఒప్పుకోవాలి గదా!

చేయవలసిన పనులు

మార్కింగు రాళ్లు పడిన రోజే ఊళ్లో కమిటీ వేసుకోవాలి. పట్టాదార్లతో పాటు కౌలుదార్లు, అసైన్డ్ పేదలు, గీత కార్మికులు, ఇళ్ల స్థలాల కూలీలు అందులో ఉండాలి.

పని మొదలుకాకముందే చేను, చెట్లు, బోర్లు, పైపులైన్లు ఫోటో తీయించాలి. సర్వే నంబరు, చెట్ల సంఖ్య, వయసు, కాపు రాసి పెట్టుకోవాలి.

నష్టం ఒక్కసారితో అయిపోదు. పునాదికోసారి, టవరు నిలబెట్టేటప్పుడోసారి, తీగ లాగేటప్పుడోసారి చేను తొక్కుతారు. మూడుసార్లూ పంచనామా అడగాలి. తెల్లకాగితం మీద సంతకం, వేలిముద్ర వేయకూడదు. వేసిన ప్రతి కాగితం నకలు తీసుకోవాలి. తక్కువ సొమ్ము తీసుకోవలసి వస్తే ‘అభ్యంతరంతో తీసుకున్నాను’ అని రాసి తీసుకోవాలి.

జిల్లా కోర్టుకు వెళ్లడానికి డబ్బు లేదని వెనక్కి తగ్గవద్దు. 1987 న్యాయసేవల చట్టం కింద దళితులకు, గిరిజనులకు, స్త్రీలకు, ఆదాయం తక్కువ ఉన్నవారికి ఉచితంగా వకీలును పెట్టాలి. జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఆఫీసులో దరఖాస్తు ఇవ్వాలి.

లైను వచ్చాక కూడా హక్కు చచ్చిపోదు. భూమిని మరో విధంగా వాడుకోవలసి వస్తే తీగను జరపమని, ఎత్తు పెంచమని పదిహేడో సెక్షను కింద అడగవచ్చు. పరిహారం ముందే తీసుకుని ఉంటే, జరిపే ఖర్చు గానీ, తీసుకున్న పరిహారంలో సగం గానీ, ఏది తక్కువైతే అది కట్టాలి. వాళ్లు వినకపోతే కలెక్టరును ఆశ్రయించాలి.

చివరగా, లైను కింద పనిచేసే కూలీలకు ఒక హెచ్చరిక. నేలకు తీగకు మధ్య 132 కిలోవోల్టులకు 6.1 మీటర్లు, 220కి 7 మీటర్లు, 400కి 8.84 మీటర్లు తగ్గకుండా ఎత్తు ఉండాలి. తీగ కిందికి వేలాడితే వెంటనే రాతపూర్వకంగా ఫిర్యాదు చేయాలి. తీగ తగలకపోయినా, దగ్గరకు పోతే చాలు, ప్రాణం పోతుంది. బోరు బండి, వరికోత మిషను, పొడవాటి ఇనుప పైపులు ఆ పట్టీలో నిలబెట్టవద్దు.

కరెంటు వద్దనే మూర్ఖులం కాము. మన చేలకు నీరు ఎక్కేది కరెంటుతోనే. కానీ దేశానికి వెలుగు కావాలంటే ఆ ఖర్చు దేశమంతా పంచుకోవాలి గానీ, మూడెకరాల రైతు, రెండు సెంట్ల కూలీ ఎందుకు మోయాలి? అడగందే అమ్మయినా పెట్టదు. ఇది అమ్మ కాదు, 1885 నాటి చట్టం. ఒక్కరు అడిగితే వినబడదు. ఊరంతా ఒక్క గొంతుతో అడగాలి.